ఓనరు మారిన ఏడు: ఫీనిక్స్ సన్స్ 2022–23 సీజన్‌కు మిర్యాలగూడ నుంచి ఒక రివ్యూ

ఎన్‌బీఏ (అమెరికా బాస్కెట్‌బాల్ లీగ్) మ్యాచులను నెట్‌లో చూసే సీజన్ పాస్ కొనాల్నా వద్దా అని మా ఎన్‌జీ కాలేజీ పాత బాస్కెట్‌బాల్ బ్యాచ్ వాట్సాప్ గ్రూపులో ప్రతి అక్టోబర్‌లో ఎవరో ఒకరు అడుగుతరు. నా జవాబు ఒకటే. పాస్ మంచిదే, కానీ ముప్పై జట్లున్నయి, అందులో ఒక్కదాన్ని పట్టుకోకపోతే పైసలు దండుగ. నేను పట్టుకున్నది ఫీనిక్స్ సన్స్‌ను. పాస్ తీసుకున్న 2022–23 సీజన్‌లోనే ఆ జట్టు చేతులు మారింది. ఆటతోపాటు బేరం కూడా చూడాల్సి వచ్చింది. కాబట్టి ఇది కొంత పాస్ మీద రివ్యూ, ఎక్కువ సీజన్ మీద రివ్యూ.

పాస్ సంగతి ముందు తెంపుతా. మనకు అన్నిటికన్నా ముఖ్యం టైం. అమెరికాలో చాలా రాష్ట్రాలు మార్చిలో గడియారం గంట ముందుకు, నవంబర్‌లో వెనక్కి తిప్పుకుంటయి. ఫీనిక్స్ ఉన్న అరిజోనా తిప్పదు. ఫీనిక్స్‌లో రాత్రి 7 గంటల మ్యాచ్ అంటే మనకు సీజన్ పొడుగునా పొద్దున 7:30. రైస్ మిల్లులో నా లెక్కల డ్యూటీ తొమ్మిదికి. ఛాయ్, ఉప్మాతోటి సగం ఆట ఇంట్లోనే అయిపోతది, మిగిలింది కాంటా రూములో ఫోన్‌లో. తప్పిపోయిన మ్యాచ్‌ను సాయంత్రం చూడొచ్చు. స్కోరు కనబడకుండా దాచే సెట్టింగు ఉంది, అది ఆన్ చేసుకొని గ్రూపును మ్యూట్‌లో పెడితే చాలు. అసలే టైం లేనోళ్లకు మ్యాచ్ మొత్తాన్ని పది నిమిషాలకు కుదించి ఇస్తరు. అది నాకు నచ్చలే. అన్నీ బుట్టలో పడే షాట్లే చూపిస్తే డిఫెన్స్ ఎవరు చేసిండ్రో ఎట్ల తెలుస్తది? నెట్టు మాత్రం మన కర్మ. కరెంటు పోతే మా గల్లీ కేబుల్ నెట్ కూడా పోతది, అందుకు పాస్‌ను తిట్టి లాభం లేదు.

ఇగ సీజన్.

అంతకు ముందటి ఏడు, 2021–22లో, సన్స్ 64 గెలిచి 18 ఓడింది. ఆ జట్టు చరిత్రలోనే అది రికార్డు. తీరా కప్పు కోసం ఆడే ప్లేఆఫ్స్ రెండో రౌండులో, డల్లాస్ మీద ఏడో మ్యాచ్‌లో, సొంత కోర్టులో హాఫ్ టైంకు 57–27తో వెనకపడ్డరు. అవతల లూకా డాన్చిచ్ ఒక్కడే 27 కొట్టిండు, ఇవతల అందరు కలిసి 27. ఆ సిగ్గు పోకముందే ఓనరు లొల్లి మొదలైంది. 2004లో 40 కోట్ల డాలర్లకు జట్టును కొన్న రాబర్ట్ సార్వర్ ఆఫీసులో జాతి వివక్ష మాటలు మాట్లాడుతడని, ఆడవాళ్లతోటి మర్యాదగా ఉండడని 2021 నవంబర్‌లో స్పోర్ట్స్ చానల్ ఈఎస్‌పీఎన్ రాసింది. లీగ్ ఒక లా ఫర్మ్‌తోటి విచారణ చేయించింది. వాళ్లు 320 మందిని అడిగిండ్రు. 2022 సెప్టెంబర్‌లో ఏడాది సస్పెన్షన్, కోటి డాలర్ల జుర్మానా. అంత తప్పుకు ఇంతేనా అని లీగ్‌లో పెద్ద స్టార్ లెబ్రాన్ జేమ్స్ బహిరంగంగానే అన్నడు, సన్స్ సొంత ఆటగాడు క్రిస్ పాల్ కూడా అన్నడు. సార్వర్ ఉంటే స్పాన్సర్‌షిప్ రెన్యువల్ చేసేది లేదని పేపాల్ కంపెనీ చెప్పింది. వారం తిరగకముందే ఆయన జట్టును అమ్మకానికి పెట్టిండు. ఆటగాళ్ల మాట కన్నా స్పాన్సర్ మాట తొందరగా పనిచేసిందని నా అనుమానం.

అట్ల అమ్మకానికి పెట్టిన జట్టు అక్టోబర్‌లో ఆట మొదలుపెట్టింది. మొదటి మ్యాచ్ మళ్లా డల్లాస్ మీదనే. 22 పాయింట్ల వెనక నుంచి లేచి 107–105తో గెలిచిండ్రు, ఆఖరి షాట్ డేమియన్ లీది. ఇట్ల ఆడుతున్నరంటే ఓనరు లేకున్నా నడుస్తదిలే అనిపించింది. కానీ ఒక కుర్చీ ఖాళీ. జే క్రౌడర్ అనే సీనియర్ నన్ను వేరే జట్టుకు పంపుండ్రి అని చెప్పి ఇంట్లోనే కూసున్నడు, ఫిబ్రవరి దాకా ఆ సంగతి తెగలే. ఓనరు లేకపోవుడే కారణమని రుజువేం లేదు గని, సంతకం పెట్టేటోడు ఎవరో తెలవని చోట పెద్ద పనులు ఎట్లయితయి?

డిసెంబర్ 17న సన్స్ స్టార్ డెవిన్ బుకర్ న్యూ ఆర్లియన్స్ మీద 58 పాయింట్లు కొట్టిండు, 24 పాయింట్ల వెనక నుంచి గెలిపించిండు. పాస్ పైసలు ఆ ఒక్క మ్యాచ్‌తోటే వసూలు. మూడు రోజులకు బేరం కుదిరిందన్న వార్త. కొనేది మ్యాట్ ఇష్బియా, మిషిగన్ రాష్ట్రంలో ఇండ్ల లోన్ల కంపెనీ నడిపే మనిషి. 2000లో మిషిగన్ స్టేట్ యూనివర్సిటీ కాలేజీ చాంపియన్‌షిప్ గెలిచినప్పుడు ఆ జట్టు బెంచి మీద ఉన్న కుర్రోడు. సన్స్, ఆడవాళ్ల జట్టు ఫీనిక్స్ మెర్క్యురీ రెండూ కలిపి 400 కోట్ల డాలర్ల లెక్క కట్టిండ్రు. అప్పటికి ఎన్‌బీఏలో అంత ధర ఎవరికీ పలకలే. ఆ వారంలోనే క్రిస్మస్ మ్యాచ్‌లో బుకర్‌కు గజ్జల్లో నరం పట్టింది. జనవరి సగానికి గెలుపుల కన్నా ఓటములే ఎక్కువైనయి. ఆ నెల మ్యాచులు ఎవరికీ చూడమని చెప్పను.

ఫిబ్రవరి 6న లీగ్ ఒప్పుకుంది, 7న జట్టు చేతులు మారింది. అదే 7 రాత్రి సన్స్ బ్రూక్లిన్‌లో ఆడింది. బుకర్ తిరిగొచ్చిండు, 116–112తో గెలిచిండ్రు. ఆ మ్యాచ్‌లో నేను ఎప్పటిలెక్కనే సన్స్ డిఫెన్స్ ఆటగాడు మికాల్ బ్రిడ్జెస్‌నే చూస్తూ కూసున్న. ఈ మనిషి లీగ్‌లోకి వచ్చినప్పటి నుంచి ఒక్క మ్యాచ్ కూడా ఎగ్గొట్టలే. దారికి అడ్డం నిలబడి స్క్రీన్ పెట్టిన భారీ మనిషి పక్క నుంచి భుజం తగలకుండా జారిపోయి, షాట్ కొట్టేటోని ముందు మళ్లా చెయ్యి లేపుతడు. కెమెరా బంతి ఎంబడి పోతది కాబట్టి అతని పని సగం ఫ్రేము బయటనే ఉంటది. రిప్లేలో వెనక్కి తిప్పి అతన్ని చూసుడు నాకు అలవాటు. రెండు రోజులకు అతను, క్యామ్ జాన్సన్ అదే బ్రూక్లిన్‌కు సొంత ఆటగాళ్లయిపోయిండ్రు. బ్రూక్లిన్ స్టార్ కెవిన్ డురాంట్ కోసం వాళ్లిద్దరిని, క్రౌడర్‌ను, ఏ షరతు లేని నాలుగు మొదటి రౌండు డ్రాఫ్ట్ హక్కులను, అంటే కొత్త కుర్రోళ్లను ఎంచుకునే వంతులను (2023, 2025, 2027, 2029), పైన 2028లో వంతు అదలుబదలు చేసుకునే హక్కును ఇచ్చేసిండ్రు. మనకు మధ్యాహ్నం అన్నం టైం కాకముందే వార్త వచ్చింది. కొత్త ఓనరు కుర్చీలో కూసొని రెండు రోజులైంది.

మా మిల్లు భాగస్తుల చేతుల నుంచి కొత్త షావుకారి చేతికి వచ్చినప్పుడు ఆయన మొదటి నెలలోనే సార్టెక్స్ మిషన్ దింపిండు. బియ్యంలో నల్ల గింజ ఒక్కటి లేకుండా ఏరుతది, చూసెటందుకు మస్తుంటది. పైసలన్నీ దానికే పోయినయని డ్రయ్యర్ దగ్గర మనుషులను తగ్గించిండు. నాగార్జునసాగర్ ఎడమ కాలువ కింది వడ్లు ట్రాక్టర్లకు ట్రాక్టర్లు పచ్చిగనే దిగినయి, తేమ తగ్గక కుప్పలు పడ్డయి. సార్టెక్స్‌కు పని దొరకాలంటే ముందు వడ్లు ఎండి, బియ్యం అయి రావాలె గదా. డురాంట్ లీగ్‌లోనే అన్నిటికన్నా మంచి సార్టెక్స్. డ్రయ్యర్ బ్రిడ్జెస్.

అయితే ఆ మిషన్ నడిచిన కొద్ది రోజులు చూడముచ్చటగా ఉండె. మార్చి 1న షార్లట్‌లో డురాంట్ మొదటి మ్యాచ్. దాదాపు ఏడడుగుల మనిషి, ఎదుటోడు ఎంత ఎగిరినా బంతి వాని చేతి పైనుంచే పోతది. ఇగ సొంత ప్రేక్షకుల ముందు మొదటి మ్యాచ్ అని 8న అందరు తయారై కూసుంటే, వార్మప్‌లో లేఅప్ వేయబోయి జారి మడమ మెలిపెట్టుకున్నడు. మళ్లా నెలాఖరు దాకా లేడు. అతను ఆడిన ఎనిమిది మ్యాచులూ సన్స్ గెలిచింది. మొత్తం 45 గెలుపులు, 37 ఓటములు, లీగ్‌లోని వెస్ట్ విభాగంలో నాలుగో స్థానం. ఎనిమిదికి ఎనిమిది అన్న లెక్క చూసి నేను కూడా గ్రూపులో కప్పు మనదే అని గట్టిగనే అరిచిన.

ప్లేఆఫ్స్ మొదటి రౌండులో క్లిప్పర్స్ జట్టును 4–1తో కొట్టిండ్రు. అవతల పాల్ జార్జ్ అసలే లేడు, కవాయ్ లెనర్డ్ రెండు మ్యాచులకే ఆగిపోయిండు, కాబట్టి దాన్ని పెద్దగ లెక్కపెట్టను. రెండో రౌండులో డెన్వర్ మీద సిరీస్ మాత్రం దొరికితే మొత్తం చూడండి. అందులోనూ నాలుగో మ్యాచ్. యాసంగి వడ్లు దిగే రోజులు, సోమవారం తెల్లవారుజామునే కాంటా రూములో ఉన్న. హమాలీ ముఠా మేస్త్రి ఛాయ్ గ్లాసు పట్టుకొని నా ఫోన్‌లోకి తొంగి చూసిండు. బంతి బయటికి పోయి మొదటి వరుసలో కూసున్న ఇష్బియా చేతిలో పడ్డది. ఆట తొందరగా మొదలుపెట్టాలని డెన్వర్ సెంటర్ నికోలా యోకిచ్ బంతి గుంజుకోబోయిండు, ఈయన వదల్లే. బంతి జనంలోకి పోయింది, యోకిచ్ మోచేత్తోటి ఒక్కటి నూకిండు, ఓనరు కుర్చీలోకి వెనక్కి పడ్డడు.

“గాయన ఎవరు సారూ, పడ్డాయన?”

“ఫీనిక్స్ టీం ఓనరు మేస్త్రీ.”

“ఓనరునే నూకినంక వాని నౌకరి ఉంటదా?”

“ఉంటది. ఆయన అవతలి టీమోడు.”

“ఔనా. మరి ఓనరుకు బంతితోటి ఏం పని?”

ఈ సీజన్ మీద నేను చదివిన విశ్లేషణల్లో ఇంత సూటిగ అడిగినోళ్లు లేరు. యోకిచ్‌కు టెక్నికల్ ఫౌల్, తర్వాత 25 వేల డాలర్ల జుర్మానా పడ్డయి. శిక్ష ఏం వద్దని ఇష్బియా తనే చెప్పిండు, ఆ పెద్దమనిషితనం ఒప్పుకోవాలె. ఆ మ్యాచ్‌లో యోకిచ్ 53 కొట్టినా బుకర్, డురాంట్ చెరి 36తో 129–124తో గెలిపించిండ్రు. బెంచి నుంచి వచ్చిన ల్యాండ్రీ షామెట్ 19 కొట్టిండు. అట్లాంటి బెంచి సాయం మళ్లా రాలే. క్రిస్ పాల్ రెండో మ్యాచ్‌లోనే గాయపడి పోయిండు, ఆరో మ్యాచ్‌కు సెంటర్ డియాండ్రే ఏటన్ కూడా లేడు. శుక్రవారం పొద్దున ఆ ఆరో మ్యాచ్ హాఫ్ టైంకు 81–51. డల్లాస్ నాడు 30 పాయింట్లు, డెన్వర్ నాడు కూడా 30 పాయింట్లు, రెండూ సొంత కోర్టులోనే. నేను ఫోన్ జేబులో పెట్టుకొని కాంటా చిట్టీలు రాసుకున్న. రెండు రోజులకు కోచ్ మాంటీ విలియమ్స్‌ను తీసేసిండ్రు, ఏడాది కింద లీగ్ మొత్తానికి ఉత్తమ కోచ్ అయిన మనిషిని. ఆ కప్పు డెన్వర్ గెలిచింది.

కొత్త ఓనరు చేసిన మంచి పని ఇంకొకటుంది, దాన్ని చాలామంది పట్టించుకోలే. 2023–24 నుంచి సన్స్ లోకల్ మ్యాచులను పైసలు కట్టే కేబుల్ చానల్ నుంచి తీసి ఫ్రీగా వచ్చే చానళ్లలో వేయించిండు. ఇంటి మీద యాంటెన్నా ఉంటే చాలు, లేనోళ్లకు యాంటెన్నాలు ఫ్రీగా పంచిండ్రు. దూరదర్శన్ కోసం డాబా ఎక్కి యాంటెన్నా తిప్పినోళ్లకు ఆ పని విలువ చెప్పనక్కర్లే. ఆ మనిషికి ప్రేక్షకులంటే ఏందో తెలుసు. జట్టు కట్టుడు దగ్గరనే తొందర. ఆ ఎండాకాలంలోనే క్రిస్ పాల్, షామెట్‌లను ఇచ్చి బ్రాడ్లీ బీల్‌ను తెచ్చిండు, అంటే రెండో సార్టెక్స్. తర్వాతి ఏడు 49 గెలిచి మొదటి రౌండులోనే మిన్నెసోటా చేతిలో 4–0. ఆ తర్వాత 36–46, ప్లేఆఫ్సే లేవు, అది కూడా జీతాలు, జీతాలు హద్దు దాటితే లీగ్‌కు కట్టే టాక్సు కలిపి లీగ్‌లోనే అతి ఖరీదైన జట్టుతోటి. మూడేండ్లలో ముగ్గురు కోచ్‌లు పోయిండ్రు. 2025లో డురాంట్‌ను కూడా హ్యూస్టన్‌కు పంపిండ్రు. డ్రాఫ్ట్ హక్కుల బాకీ మాత్రం ఇంకా తీరలే.

పాస్‌కు ఐదులో నాలుగు. 2022–23 సన్స్‌కు మూడు: బుకర్‌కు ఒకటి, డెన్వర్ సిరీస్‌కు ఒకటి, ఫిబ్రవరి 7 దాకా ఆడిన మికాల్ బ్రిడ్జెస్‌కు ఒకటి.

ఓనరు మారే జట్టును చూసుడులో మజా ఉందని చెప్తున్న, ఇప్పుడైతే ఇంకా పెద్ద బేరాలు నడిచినయి. 2025లో బోస్టన్ సెల్టిక్స్ 600 కోట్ల డాలర్లు దాటి అమ్ముడుపోయింది, లేకర్స్‌కు వెయ్యి కోట్ల లెక్క కట్టిండ్రు. పొద్దుగాలనే లేచేటోళ్లు బోస్టన్‌ను పట్టుకోండి, అక్కడ సాయంత్రం 7:30 మ్యాచ్ చలికాలంలో మనకు 6కు వస్తది, మార్చి దాటితే 5కే. కాలేజీ పిల్లలకు, నైట్ డ్యూటీ దిగి ఇంటికొచ్చేటోళ్లకు లేకర్స్ బాగుంటది, చలికాలంలో సరిగ్గా తొమ్మిదికి మొదలు. నాకు ఆ టైంకు కాంటా మీద లారీ ఉంటది, కాబట్టి నేను ఫీనిక్స్‌తోనే.