మైన్‌క్రాఫ్ట్ గేమ్‌లో ఒంటె: ఇద్దరు ఆడేవాళ్లకైతే గుర్రం కంటే ఇదే మేలు

2023లో 1.20 అప్‌డేట్‌తో వచ్చిన ఒంటె నాకు చాలా నచ్చేసింది. ఇక్కడ దిల్‌సుఖ్‌నగర్‌లో మా ఇంట్లో నేనూ చెల్లీ ఒకే వైఫై మీద రెండు ఫోన్లలో ఆడతాం, గుర్రం మీద ఒక్కరే ఎక్కగలరు కాబట్టి రెండోవాళ్లు వెనకాల పరుగెత్తాల్సిందే, అదే ఒంటె అయితే ఇద్దరం ఎక్కేస్తాం, నేను తోలుతుంటే తను వెనక నుంచి బాణాలు వేస్తుంది. పైగా మచ్చిక చేసే పనే లేదు, జీను వేస్తే చాలు. ఎత్తు ఎక్కువ కాబట్టి జాంబీల చెయ్యి మనకి అందదు, కంచెలు కూడా అలా దాటేస్తుంది.

మొదట్లో కష్టమల్లా వెతకడమే. 2025 అప్‌డేట్‌తో ఎడారిలో మామూలుగానే ఒంటెలు రావడం మొదలయ్యేదాకా, గేమ్‌లో ఎడారి గ్రామం తయారైనప్పుడే దాంతోపాటు ఒక్క ఒంటె వచ్చేది, అంటే పిల్లలు కావాలంటే రెండో గ్రామం వెతికి అక్కడి ఒంటెని కాక్టస్ చూపిస్తూ నడిపించుకు రావాల్సి వచ్చేది. అది చాలా అన్యాయం, కనీసం రెండు పెట్టాల్సింది! రెండూ చేరాక చెరో కాక్టస్ తినిపిస్తే పిల్ల పుడుతుంది, 20 నిమిషాల్లో పెద్దదవుతుంది. మామూలు నడకలో గుర్రమంత వేగం లేదు గానీ జంప్ నొక్కి పట్టి వదిలితే ముందుకు దూకే దూకుడు మాత్రం అదిరిపోతుంది.