బల్లికి అత్తరు పూసి అమ్ముతున్నారు: హైదరాబాద్‌లో బియర్డెడ్ డ్రాగన్ కొనబోయేవారికి హెచ్చరిక

హైదరాబాద్‌లో పెంపుడు బల్లిని కొనాలనుకుంటున్న వారందరూ దయచేసి ఇది చదవండి. నగరంలోని ఒక పెట్ షాపులో జబ్బుపడిన బియర్డెడ్ డ్రాగన్ అనే బల్లికి సువాసన ద్రవం పట్టించి, దుర్వాసన బయటికి తెలియకుండా చేసి మాకు అమ్మారు. ఇంటికి వచ్చాక అసలు వాసన బయటపడి నిలదీస్తే, బల్లి అన్నాక వాసన రాకుండా ఉంటుందా అని దబాయించి, ఆ వాసనకు విరుగుడు అంటూ లేబుల్ లేని మరో సీసాను అంటగట్టబోయారు. ఫిర్యాదు నడుస్తున్నందున దుకాణం పేరు ఇక్కడ రాయడం లేదు. ఆరోగ్యంగా ఉండి, శుభ్రమైన ట్యాంకులో పెరిగే బల్లికి ఒంటి వాసన అంటూ దాదాపు ఉండదు. ఈ ఒక్క సంగతి కొనేవారికి తెలియకపోవడమే అటువంటి దుకాణదారులకు పెట్టుబడి.

బియర్డెడ్ డ్రాగన్ ఆస్ట్రేలియా లోపలి ఎండు నేలల ప్రాణి. మన చేలగట్ల మీద తల ఆడించే తొండది కూడా ఇదే అగామిడే కుటుంబం. ఈ జాతులకు మనలాగా చెమట గ్రంథులు లేవు. పొలుసుల చర్మం పొడిగా ఉంటుంది కనుక మన ఒంట్లో చెమట, సూక్ష్మజీవులు కలిసి పుట్టించే కంపు వాటిలో పుట్టే అవకాశం లేదు. మగవాటి తొడల లోపలి వైపు వరసగా ఉండే రంధ్రాల నుంచి మైనం వంటి పదార్థం వస్తుంది గానీ, అది ముక్కు మూసుకోవలసినంత వాసన వేయదు. మలవిసర్జన చేసిన కాసేపు మాత్రం ఘాటైన వాసన రావడం సహజమే, అది తీసేస్తే పోతుంది. మలంతో పాటు సుద్దముక్కలా కనిపించే తెల్లని భాగం యూరిక్ ఆమ్లం. నీటిని పొదుపుగా వాడుకునే ఈ జంతువులు మూత్రాన్ని ఆ రూపంలో విసర్జిస్తాయి. దానిని చూసి జబ్బు అని భయపడనక్కరలేదు. ఇవేవీ కాకుండా, ట్యాంకు శుభ్రం చేసిన తరువాత కూడా బల్లి నుంచే వాసన వస్తున్నదంటే, అది నోటి నుంచో, చర్మం నుంచో, పేగుల నుంచో వస్తున్నదని అర్థం.

మేము చూసిన దుకాణంలో అడుగు పెట్టగానే అగరుబత్తి పొగ, దాని మీద రూమ్ ఫ్రెష్‌నర్ వాసన కలిసి కొట్టాయి. పక్షులు, కుందేళ్లు కూడా అక్కడే ఉన్నందున అది మామూలేనని ఎవరైనా అనుకుంటారు. బల్లిని చేతికి ఇచ్చినప్పుడు దాని పొట్ట మీద తేమ, ఘుమఘుమలాడే మల్లెపూల వాసన తగిలాయి. ఇప్పుడే స్నానం చేయించామని చెప్పారు. ట్యాంకులో పరిచిన చెక్కపొట్టు కూడా సుగంధభరితంగానే ఉంది. దేవదారు, పైన్ వంటి చెక్కల పొట్టు నుంచి వెలువడే నూనెలు సరీసృపాల ఊపిరితిత్తులకు, చర్మానికి హాని చేస్తాయన్న సంగతి బల్లులు పెంచేవారందరికీ తెలుసు. అమ్మేవారికి తెలియదంటే నమ్మడం కష్టం. ప్రాణి, అద్దాల ట్యాంకు, దీపాలు అన్నీ కలిపి నలభై వేలు దాటింది. బిల్లు మీద మాత్రం పెట్ యాక్సెసరీస్ అని రాసి ఇచ్చారు.

కొద్ది రోజుల్లోనే అత్తరు ఆవిరైపోయి అసలు కంపు బయటికి వచ్చింది. ఏసీ వేసి కిటికీలు మూసిన గదిలో అది ఎంత భరించరానిదో ఫ్లాట్లలో ఉండేవారికి వేరే చెప్పనవసరం లేదు. పొట్టు మార్చినా, అద్దాలు తుడిచినా తగ్గలేదు. మలం నీళ్లుగా, జిగటగా పడుతోంది. ఫోన్ చేస్తే దుకాణదారు మొదట అలవాటైపోతుందన్నారు, తరువాత డెటాల్ నీళ్లతో కడగమన్నారు, చివరికి ఆ సీసా సంగతి చెప్పి దానికి విడిగా డబ్బులు అడిగారు. ఆ సీసాలో ఏముందో ఇప్పటికీ ఆయన చెప్పలేదు.

సరీసృపాలను చూసే పశువైద్యుని దగ్గరికి తీసుకువెళ్లాము. కుక్కలను, పిల్లులను చూసే క్లినిక్కులన్నీ బల్లులను చూడవు, ముందుగా ఫోన్ చేసి కనుక్కొని వెళ్లడం మంచిది. మలాన్ని సూక్ష్మదర్శిని కింద పరీక్షిస్తే కాక్సీడియా అనే పేగు పరాన్నజీవి విపరీతంగా ఉన్నట్లు తేలింది. బియర్డెడ్ డ్రాగన్లలో ఇది కొద్ది సంఖ్యలో ఉండడం అరుదేమీ కాదు. కిక్కిరిసిన పెట్టెలు, మురికి, చాలని వేడి తోడైనప్పుడు అది పెచ్చరిల్లుతుంది. దుర్వాసనతో కూడిన నీళ్ల విరేచనాలు దాని ప్రధాన లక్షణం. దీనికి తోడు పొట్ట మీది పొలుసులు గోధుమరంగుకు తిరిగి, రెండు మూడు చోట్ల మెత్తబడి ఉన్నాయి. తడి పొట్టు మీద ఎక్కువ కాలం పడి ఉంటే చర్మంలో సూక్ష్మజీవులు చేరి ఇలా పుండ్లు పడతాయని, ఆ తేమకు కారణం పొట్టకు పూస్తూ వచ్చిన సువాసన ద్రవం కూడా కావచ్చునని వైద్యులు చెప్పారు. అంటే వాసనను దాచడానికి వాడినదే వాసనను పెంచిందన్నమాట!

వేడి విషయం ఇంకొంత వివరంగా చెప్పాలి, ఎందుకంటే వాసనకు దానికి సంబంధం ఉందని చాలామందికి తోచదు. ట్యాంకులో బియర్డెడ్ డ్రాగన్ బల్బు కింద వేడి కాగే చోట ఉష్ణోగ్రత సుమారు 38 నుంచి 42 డిగ్రీల సెల్సియస్ ఉండాలి. ట్యాంకు అవతలి కొస 25 నుంచి 30 డిగ్రీల మధ్య చల్లగా ఉండాలి. బయటి వేడి తోనే వాటి ఒంటి వేడి నిలుస్తుంది కనుక, అది చాలకపోతే తిన్న పురుగులు సరిగా అరగక కడుపులోనే కుళ్లుతాయి. మాకు ఇచ్చిన బల్బు కింద థర్మామీటరు పెడితే 30 డిగ్రీలు కూడా దాటలేదు. హైదరాబాద్‌లో బయట ఎండ మండిపోతున్నదని బల్బు ఆపేసేవారు, ఏసీ గదిలో ట్యాంకు పెట్టేవారు ఈ సంగతి గమనించాలి. వర్షాకాలంలో గాలిలో తేమ పెరిగినప్పుడు ట్యాంకు లోపల ఆరకుండా ఉండే తడి మరో ఇబ్బంది. పొట్టు, ఇసుక మానేసి పాత వార్తాపత్రికో, టిష్యూ కాగితమో పరిస్తే మలం కనబడుతుంది, రోజూ మార్చడం సులువు. తినగా మిగిలిన ఇలకోళ్లను (మేతగా వేసే కీచురాళ్లను) ట్యాంకులో వదిలేయవద్దు. అవి మూలల్లో చచ్చి కంపు కొట్టడమే కాకుండా, బతికి ఉన్నవి రాత్రిపూట నిద్రలో ఉన్న బల్లిని కొరుకుతాయి.

శుభ్రం చేయడానికి మన ఇళ్లలో మొదట గుర్తుకు వచ్చేది ఫినాయిల్. దానిని గానీ, డెటాల్‌ను గానీ బల్లి ట్యాంకు దగ్గరికి రానివ్వవద్దు, ఫినాల్ జాతి రసాయనాలు సరీసృపాలకు విషం. వేడి సబ్బునీళ్లతో కడిగి, బాగా జాడించి, పూర్తిగా ఆరబెట్టడం చాలా సందర్భాలలో సరిపోతుంది. అయితే కాక్సీడియా విషయంలో మామూలు క్రిమిసంహారకాలు, బ్లీచింగ్ కూడా పనిచేయవు. మరిగే నీళ్లు లేదా ఆవిరి, వీటికి తోడు మలాన్ని పడిన వెంటనే తీసేయడమే దారి. బల్లికి షాంపూ, పౌడరు, సెంటు ఏవీ అవసరం లేదు. గోరువెచ్చని మంచినీళ్లలో కాసేపు నిలబెడితే చాలు, కుబుసం విడిచే సమయంలో అది మరీ మంచిది. వేళ్ల చుట్టూ, తోక కొసన పాత కుబుసం ఊడకుండా మిగిలిపోతే రక్తప్రసరణ ఆగి ఆ భాగం ఎండిపోవచ్చు. అలాగని గోళ్లతో పీకకూడదు.

వాసన లేదంటే క్రిములు లేవని అనుకోవడానికీ వీల్లేదు. పూర్తి ఆరోగ్యంగా కనిపించే బల్లులు కూడా మనుషులకు జబ్బు చేసే సాల్మొనెల్లా బాక్టీరియాను మలంలో విడుస్తాయి. ఐదేళ్లలోపు పిల్లలు, 65 ఏళ్లు దాటిన పెద్దలు, రోగనిరోధక శక్తి తగ్గినవారు వాటిని ముట్టుకోకపోవడమే క్షేమం. తాతయ్యలు, నాయనమ్మలు, పసిపిల్లలు ఒకే ఫ్లాట్‌లో ఉండే మన ఇళ్లలో ఇది చిన్న విషయం కాదు. తాకిన ప్రతిసారీ సబ్బుతో చేతులు కడుక్కోవాలి. ట్యాంకు సామాన్లను వంటింటి సింకులో కడగకూడదు. మాకు బల్లిని అమ్మినవారు ఇందులో ఒక్క ముక్క కూడా చెప్పలేదు.

కొనబోయేవారు దుకాణానికి ముందుగా చెప్పకుండా వెళ్లండి. బల్లిని ఆ అగరుబత్తి పొగలో కాకుండా గుమ్మం బయటికి తెచ్చి చూపించమనండి. పొట్టను తిరగేసి పొలుసుల రంగు చూడండి, తోక మొదట్లోని మలద్వారం చుట్టూ ఎండిన మలం అంటుకుని ఉన్నదేమో చూడండి, నోరు తెరిచినప్పుడు చిగుళ్లు ఎర్రగా వాచి ఉన్నా, పెరుగు తరకలవంటి పసుపు పదార్థం కనిపించినా వదిలేయండి. అది నోటి కుళ్లు, దాని వాసన దగ్గరికి వెళ్తేనే తెలిసిపోతుంది. ఒంటి మీద ఏ సువాసన తగిలినా ఎందుకు పూశారని అడగండి. ట్యాంకులో మలం పడి ఉంటే విసుక్కోకుండా దానిని గమనించండి, అద్దంలా మెరిసే ఖాళీ ట్యాంకు కన్నా అదే మీకు ఎక్కువ సమాచారం ఇస్తుంది. ఇప్పటికే ఇంట్లో బల్లి ఉన్నవారు కొత్తదాన్ని కనీసం ఒకటి రెండు నెలలైనా వేరే గదిలో ఉంచి, మల పరీక్ష చేయించాకే కలపాలి.

పరీక్ష రిపోర్టు పంపిన తరువాత దుకాణదారు డబ్బు తిరిగి ఇవ్వనని, కావాలంటే బదులుగా పచ్చ ఇగ్వానా అనే మరో రకం బల్లిని తీసుకొమ్మని అన్నారు. వాసన రాదని హామీ కూడా ఇచ్చారు! పచ్చ ఇగ్వానా, వన్యజాతుల అంతర్జాతీయ వ్యాపారాన్ని నియంత్రించే సైటీస్ ఒప్పందం రెండవ అనుబంధంలో ఉన్న జాతి. వన్యప్రాణి సంరక్షణ చట్టానికి 2022లో జరిగిన సవరణ వల్ల, 2024లో వచ్చిన నియమాల వల్ల అటువంటి ప్రాణిని పెంచేవారు కేంద్ర పర్యావరణ శాఖ వారి పరివేష్ పోర్టల్‌లో నమోదు చేసుకోవాలి. పత్రాలు అడిగితే తరువాత ఇస్తానన్నారు. ఆ బేరానికి మేము ఒప్పుకోలేదు.

జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫిర్యాదు చేశాము. అక్కడ తేలకపోతే జిల్లా వినియోగదారుల కమిషన్‌కు వెళ్తాము. 2019 వినియోగదారుల రక్షణ చట్టం ప్రకారం మనం నివసించే చోటే కేసు వేయవచ్చు, రెండేళ్ల గడువు ఉంది, చెల్లించిన మొత్తం ఐదు లక్షల లోపు అయితే రుసుము లేదు. బిల్లు మీద ప్రాణి పేరు, జాతి రాయించుకోండి, మా బిల్లు మీద అది లేకపోవడమే ఇప్పుడు వారికి వాదనగా ఉపయోగపడుతోంది. కొన్న రోజే వీడియో తీసి పెట్టుకోండి. నగరంలో ఎక్కడైనా బల్లితో పాటు లేబుల్ లేని ఇటువంటి సీసాను అందుకున్నవారు దానిని వాడడం ఆపి, పారేయకుండా దాచండి. మీ బల్లి బాగానే తింటున్నా ఒకసారి మల పరీక్ష చేయించండి, ఎందుకంటే మేము చూసిన దుకాణంలో అన్ని ట్యాంకులకూ ఒకే పట్టకారు, ఒకే నీళ్ల తొట్టి వాడుతున్నారు.