డౌన్‌లోడా, స్ట్రీమింగా? గాజువాక ఇంట్లో గేమ్ పాస్ ముచ్చట

ముందే చెప్పేస్తున్నా, నేను పెద్ద గేమర్‌ని కాదు. ప్లాంటులో షిఫ్ట్ డ్యూటీ, ఉండేది గాజువాక. బి షిఫ్ట్ దిగి ఇంటికొచ్చి, స్నానం చేసి, అన్నం తినేసరికి పదకొండవుతుంది, ఆ తర్వాత నిద్ర ఆగితే ఓ గంట ఆడతాను, లేదంటే లేదు. ఆ గంట కోసమే మైక్రోసాఫ్ట్ వాళ్ళ గేమ్ కన్సోల్ ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎస్ కొన్నాను. ఒక్కో కొత్త గేమ్‌కి నాలుగైదు వేలు పెట్టే స్తోమత లేక, ఉన్నా మనసొప్పక, వాళ్ళదే నెలవారీ చందా గేమ్ పాస్‌లో పడ్డాను. నెలనెలా కట్టు, లిస్టులో ఉన్నది ఆడుకో, కట్టడం మానేస్తే తాళం పడుతుంది, మన సేవ్‌లు, అంటే ఎక్కడిదాకా ఆడామో ఆ గుర్తులు, మాత్రం ఎక్కడికీ పోవు. అంతే సంగతి.

మొన్నమొన్నటిదాకా మన దేశంలో దీన్ని వాడే పద్ధతి ఒక్కటే, గేమ్ డౌన్‌లోడ్ చేసుకోవడం. మైక్రోసాఫ్ట్ వేరే దేశాల్లో 2020లోనే క్లౌడ్ స్ట్రీమింగ్, అంటే గేమ్ దించుకోకుండా నెట్ మీదే ఆడే పద్ధతి, మొదలుపెట్టినా ఇండియాకి మాత్రం 2025 నవంబర్‌లో తెచ్చింది. అప్పట్నుంచీ మా ఇంట్లో రెండూ నడుస్తున్నాయి. ఏది ఎప్పుడు వాడాలో తెలుసుకోడానికి నాకు రెండు నెలలు, ఒక లాన్ కేబులు (రౌటర్ నుంచి కన్సోల్‌కి నేరుగా నెట్ ఇచ్చే వైరు), మా మేనల్లుడి చేత బోల్డన్ని వెక్కిరింపులు ఖర్చయ్యాయి.

మొదటిరోజు సంగతి చెప్తాను. ఆదివారం మధ్యాహ్నం, మా అక్క కొడుకు వచ్చాడు, "మావయ్యా, కార్ల గేమ్ పెట్టు" అన్నాడు. కార్ల గేమ్ అంటే ఫోర్జా హొరైజన్ 5. అదేమో నేను అప్పటికి నెల క్రితమే తీసేశాను, ఎందుకంటే ఈ సిరీస్ ఎస్ డబ్బా మీద 512 జీబీ అని ఉంటుంది గానీ సిస్టమ్ తినేసింది పోను మనకి మిగిలేది 364. పెద్ద గేములు మూడు పెడితే నాలుగోదానికి చోటుండదు. ఫోర్జా దాదాపు 100 జీబీ. మా ఇంటి ప్లాన్ 100 ఎంబీపీఎస్, కాగితం మీద లెక్కేస్తే రెండుంబావు గంటల్లో దిగిపోవాలి, కానీ మా బెడ్‌రూమ్‌లో వైఫై నలభై దాటితే పండగే, అంటే ఐదున్నర గంటలు. పిల్లాడు ఐదున్నర గంటలు ఆగుతాడా? సరే చూద్దామని మబ్బు బొమ్మ ఉన్న బటన్ నొక్కాను. నీళ్ళ బాటిల్ తెచ్చుకుని వచ్చేసరికి కారు రోడ్డు మీదుంది. నిజంగా నోరెళ్ళబెట్టాను. ఒక్క జీబీ దించలేదు, నా పాత సేవ్ కూడా అలాగే ఉంది, గరాజ్‌లో నా కార్లన్నీ ఉన్నాయి.

ఆ సంబరం పది నిమిషాలు. వంటగదిలో మా ఆవిడ ఫోన్లో సీరియల్ పెట్టిందో లేదో తెర మీద కారు గళ్ళగళ్ళుగా విడిపోయింది, శబ్దం బొంగురుపోయింది, కారెళ్ళి చెట్టుకి గుద్దుకుంది. మావాడు "నీ నెట్టు ఏట్లేదు మావయ్యా" అని ఫోన్ తీసుకుని రీల్స్‌లోకి వెళ్ళిపోయాడు.

తప్పు నెట్టుది కాదని తర్వాత తెలిసింది. కనెక్షన్ పెట్టినాయన కేబులు ఎక్కడ లోపలికి వచ్చిందో అక్కడే, అంటే గుమ్మం పక్కన చెప్పుల స్టాండ్ పైన, రౌటర్ బిగించి వెళ్ళిపోయాడు. అక్కణ్ణుంచి టీవీకి మధ్యలో రెండు గోడలు, ఒక బాత్రూమ్. అపార్ట్‌మెంట్‌లో ఇరవై ఫ్లాట్లు, అందరి రౌటర్లూ 2.4 గిగాహెర్ట్జ్ వైఫై బ్యాండ్ మీదే అరుచుకుంటూ ఉంటాయి, 5 గిగాహెర్ట్జ్‌కి మారిస్తే స్పీడు బాగుంటుంది గానీ అది గోడలు దాటి రాలేదు. సినిమా చూసేటప్పుడు ఇదేం తెలీదు, ముందే కొంత దించిపెట్టుకుంటుంది కాబట్టి మధ్యలో నెట్ తడబడినా బొమ్మ ఆగదు. గేమ్‌లో ఆ వెసులుబాటు లేదు. మనం బటన్ నొక్కాక ఏం జరగాలో ముందే దించి పెట్టుకోవడం కుదరదు కదా. స్పీడ్ టెస్ట్‌లో వచ్చే పెద్ద అంకె కన్నా అడుగడుక్కీ తడబడకుండా రావడం ముఖ్యం. కన్సోల్‌కి 20 ఎంబీపీఎస్ ఉంటే చాలంటారు, నిజమే, కానీ ఆ ఇరవై నిలకడగా ఉండాలి.

గాజువాక జంక్షన్‌లో కేబులు కొనుక్కొచ్చి, గోడవారగా, గుమ్మం ఫ్రేమ్ పైనుంచి క్లిప్పులు కొట్టి లాగాను. మా అమ్మ చూసి "ఇల్లంతా ఈ వైర్లేట్రా, బట్టలారేసుకోడానికా?" అంది. కానీ ఆ వైరుతో లోకం మారిపోయింది. గళ్ళు పోయాయి. ఫోర్జా హాయిగా నడిచింది. మావాడు మళ్ళీ ఫోన్ పక్కన పెట్టాడు.

అంత మాత్రాన డౌన్‌లోడ్ చేసిన గేమ్‌లా ఉంటుందా అంటే, ఉండదు. స్ట్రీమింగ్ అంటే ఎక్కడో సర్వర్‌లో గేమ్ ఆడుతూ ఉంటే దాని వీడియో మనకొస్తుంది, అంతే. వీడియో అన్నాక కుదిస్తారు. పగటిపూట ఎడారి రోడ్డు మీద తేడా కనపడదు, అదే రాత్రిపూట వాన పడుతుంటే చూడండి, చినుకులూ చెట్ల ఆకులూ కలిసిపోయి తడిసిన న్యూస్‌పేపర్‌లా ఉంటుంది. నాకు అది పెద్ద ఇబ్బంది కాదు, రాత్రి పదకొండింటికి ఆకులు లెక్కపెట్టే ఓపిక లేదు.

అసలు ఇబ్బంది చేతికి తెలుస్తుంది. హాలో నైట్ సిల్క్‌సాంగ్ 2025 సెప్టెంబర్ 4న రిలీజైనరోజే గేమ్ పాస్‌లోకి వచ్చింది, అప్పుడే దింపుకుని ఆడుతూ ఉండేవాణ్ణి. చెప్పుకోడానికి చిన్న గేమే గానీ మనిషిని ఏడిపిస్తుంది, కింద ముళ్ళు, పైన పురుగులు, సరిగ్గా ఆ క్షణానికి దూకాలి. స్ట్రీమింగ్‌లో ఎలా ఉంటుందో చూద్దామని మావాడికి ఇచ్చాను. పడ్డాడు. మళ్ళీ పడ్డాడు. "నేను నొక్కాను మావయ్యా, అదే దూకలేదు" అన్నాడు. ఆటలో ఓడిపోయిన ప్రతివాడూ చెప్పే మాటే కదా అని కంట్రోలర్ నేను తీసుకున్నాను. నాలుగుసార్లు అదే ముళ్ళ మీద పడ్డాను. బొటనవేలు ముందు నొక్కుతోంది, బొమ్మ ఒక వెంట్రుకవాసి ఆలస్యంగా లేస్తోంది. తర్వాత డౌన్‌లోడ్ చేసిన దాంట్లో అదే చోట, రెండోసారికే దాటాను. మావాడు చూసిన చూపు ఇంకా గుర్తుంది.

దీనికి లెక్క ఉంది. సెకనుకి 60 ఫ్రేములు, అంటే 60 బొమ్మలు, అనుకుంటే ఒక్కో ఫ్రేమ్ సుమారు 16.7 మిల్లీసెకన్లు. మన నొక్కుడు సర్వర్‌కి వెళ్ళాలి, అది బొమ్మ గీయాలి, దాన్ని వీడియోగా కుదించాలి, అది తిరిగి రావాలి, ఇక్కడ విప్పాలి, టీవీ చూపించాలి. అంతా కలిసి నాలుగైదు ఫ్రేములు పోతే చాలు, ముళ్ళ మీద ఉంటాం. దూరమే కారణం అనుకుంటారు చాలామంది. మా షిఫ్ట్‌లో ఒకతను "వైజాగ్‌కి గూగుల్ డేటా సెంటర్ వస్తోందిగా, 15 బిలియన్ డాలర్లట, అది వచ్చిందంటే ఈ లాగ్, ఆలస్యం ఉండదు" అన్నాడు. ఒరే బాబూ, ఆ గేములు నడిపేది వేరే కంపెనీ సర్వర్లు! పైగా ఫైబర్‌లో వెలుగు సెకనుకి రెండు లక్షల కిలోమీటర్లు పోతుంది, చెన్నై దాకా 800 కిలోమీటర్లు అనుకున్నా వెళ్ళి రావడానికి ఎనిమిది మిల్లీసెకన్లు. నిజానికి కేబులు అంత తిన్నగా ఉండదు, మధ్యలో మజిలీలుంటాయి, అయినా ఆలస్యంలో కొంత మన ఇంటి గోడల మధ్యే ఉంటుంది. నా సంగతే చూడండి, టీవీలో గేమ్ మోడ్ అనేది ఒకటుంటుందనీ, అది ఆన్ చేస్తే టీవీ తన సొంత మెరుగులు దిద్దడం మానేసి బొమ్మని వెంటనే చూపిస్తుందనీ నాకు మూడో వారానికి గానీ తెలీలేదు. అది ఆన్ చేశాక స్ట్రీమింగ్ ఓ మెట్టు ఎక్కింది. సిల్క్‌సాంగ్‌కి మాత్రం ఇప్పటికీ పనికిరాదు, ఫైటింగ్ గేములకీ అంతే. నిదానంగా ఆలోచించి ఎత్తులు వేసేవీ, కథలు నడిచేవీ, పజిళ్ళూ అయితే ఏ బాధా లేదు.

మరి స్ట్రీమింగ్ దేనికి అంటారా? నాలాంటివాడికి రెండు చోట్ల బంగారం. ఒకటి అప్‌డేట్లు. పదకొండింటికి కూర్చుంటాం, గేమ్ తెరుస్తాం, "అప్‌డేట్ కావాలి, 30 జీబీ" అంటుంది. ఆడే గంట అంతా ఆ శాతం అంకెని చూస్తూ గడిచిపోతుంది. స్ట్రీమింగ్‌లో అప్‌డేట్ అన్న మాటే లేదు, అది వాళ్ళ పని. అప్‌డేట్ దిగుతుండగా అదే గేమ్‌ని క్లౌడ్‌లో ఆడి, మర్నాడు డౌన్‌లోడ్ దాంట్లో అక్కణ్ణుంచే కొనసాగించొచ్చు. రెండోది రుచి చూడ్డం. ముందు ఏదో పేరు బాగుందని 80 జీబీ దించి, పావుగంట ఆడి, ఛీ అని తీసేసేవాణ్ణి. ఇప్పుడు ముందు క్లౌడ్‌లో ఓ అరగంట ఆడి, నచ్చితేనే రాత్రికి డౌన్‌లోడ్ పెడతాను. కన్సోల్‌ని స్లీప్ మోడ్‌లో వదిలేస్తే దిగుతూ ఉంటుంది. అన్నట్టు, వెనకాల గేమ్ తెరిచి ఉంటే డౌన్‌లోడ్ నత్తనడక నడుస్తుంది, దాన్ని పూర్తిగా మూసేయండి, స్పీడు ఎలా లేస్తుందో చూడండి.

డేటా ఆదా అవుతుందని స్ట్రీమింగ్ వాడేవాళ్ళని చూస్తే నవ్వొస్తుంది. లెక్క తిరగబడుతుంది. సెకనుకి 20 మెగాబిట్లు అంటే గంటకి 9 జీబీ. పదకొండు గంటలు ఆడితే 100 జీబీ అయిపోయింది, అంటే గేమ్ మొత్తం దించినంత. నలభై గంటల గేమ్ స్ట్రీమింగ్‌లో పూర్తిచేస్తే 360 జీబీ. ఇంటి కనెక్షన్‌కి నెలకి 3300 జీబీ దాకా ఇస్తారు కాబట్టి తట్టుకుంటుంది. ఫోన్ డేటా మీద మాత్రం ఆడకండి, 10 ఎంబీపీఎస్ దగ్గర కూడా రోజుకిచ్చే 2 జీబీ అరగంట లోపే ఊదేస్తుంది. నేను ఆర్టీసీ కాంప్లెక్స్‌లో బస్సు కోసం ఆగి ఒకసారి ప్రయత్నించాను. బస్సు రాకముందే ప్యాక్ అయిపోయింది.

ఇక డౌన్‌లోడ్ విలువ తుఫాను టైంలో తెలిసింది. 2025 అక్టోబర్ చివర్లో మొంథా వచ్చింది కదా, తీరం దాటింది అక్కడెక్కడో నరసాపురం దగ్గరైనా వాన మాత్రం మనల్నీ దంచింది. మా వీధిలో నెట్ రెండు రోజులు లేదు. కరెంటు వచ్చిపోతోంది, బయటికి వెళ్ళే దారి లేదు, పిల్లలు ఇంట్లో. దించి పెట్టుకున్న గేములే కాపాడాయి. గేమ్ పాస్ గేములు నెట్ లేకుండా 30 రోజుల దాకా నడుస్తాయి, ఆ తర్వాత ఒకసారి కనెక్ట్ అయితే చాలు. కాకపోతే సెట్టింగ్స్‌లో ఆ డబ్బాని మీ హోమ్ ఎక్స్‌బాక్స్‌గా పెట్టుకుని ఉండాలి, నెట్ పోయాక గుర్తొస్తే లాభం లేదు. హుద్‌హుద్ చూసిన ఊరు మనది, ఒక్క స్ట్రీమింగ్‌నే నమ్ముకుని హార్డ్‌డిస్క్ ఖాళీగా పెట్టుకునే ధైర్యం నాకైతే లేదు.

చోటు చాలక అవస్థ పడేవాళ్ళకి ఒక మాట. ఇంట్లో పడున్న పాత యూఎస్‌బీ హార్డ్‌డిస్క్ ఉంటే తగిలించండి. సిరీస్ ఎస్ కోసం చేసిన కొత్త గేములు దాని మీంచి నడవవు గానీ దాచుకోవచ్చు, కావలసినప్పుడు లోపలికి కాపీ చేసుకోవడం మళ్ళీ 100 జీబీ దించడం కన్నా చాలా నయం. పాత ఎక్స్‌బాక్స్ వన్ గేములైతే దాని మీంచే నడుస్తాయి.

మావాడి ఫ్రెండ్ దగ్గర సోనీ వాళ్ళ కన్సోల్ పీఎస్5 ఉంది. వాళ్ళకి ఈ చర్చే లేదు, ఎందుకంటే గేమ్ పాస్ లాంటి వాళ్ళ చందా పీఎస్ ప్లస్‌లో మన దేశానికి ఇచ్చిన పై ప్లాన్ డీలక్స్, స్ట్రీమింగ్ ఉండే ప్రీమియం ఇక్కడ లేదు. 2022లో ప్లాన్లు మార్చినప్పట్నుంచీ ఇదే కథ. దించుకో, ఆడుకో.

డబ్బుల విషయం. 2025 అక్టోబర్‌లో గేమ్ పాస్ రేట్లు మార్చారు, అన్నిటికన్నా పై ప్లాన్ అల్టిమేట్ అప్పుడు నెలకి 829 రూపాయల నుంచి ఒక్కసారే 1389 అయింది. దాని కింది ప్లాన్లు ప్రీమియం 699, ఎసెన్షియల్ 499, ఇవీ అప్పటి రేట్లే. కొత్త గేములు మొదటిరోజే కావాలంటే అల్టిమేటే, స్ట్రీమింగ్‌లో బొమ్మ నాణ్యత కూడా దాంట్లోనే ఎక్కువ, 1440పీ దాకా. కానీ స్ట్రీమింగ్ అన్నది మూడు ప్లాన్లలోనూ ఉంది, కాబట్టి స్ట్రీమింగ్ కోసమే అల్టిమేట్ తీసుకోవద్దు, శుద్ధ దండగ. వారానికి నాలుగైదు గంటలు ఆడే నాకు 1389 ఎక్కువ అనిపించి ప్రీమియంకి దిగాను. ఇంకోటి, లిస్టులోంచి గేములు వెళ్ళిపోతూ ఉంటాయి, డౌన్‌లోడ్ చేసుకున్నా సరే ఆరోజుకి తాళమే. వెళ్ళేముందు నోటీసు ఇస్తారు, 20 శాతం దాకా తగ్గింపుతో కొనుక్కోవచ్చు కూడా.

ప్రస్తుతం మా డబ్బాలో దించినవి మూడు: ఫోర్జా, మావాడి ఫుట్‌బాల్, ఇంకా పూర్తిచేయని ఒక పెద్ద కథ గేమ్. మిగతావన్నీ మబ్బు బటన్ మీదే. లాన్ కేబుల్ కొనేవాళ్ళు మాత్రం గోడ పొడవొకటే కొలుచుకోకండి, గుమ్మం ఎక్కి దిగే పొడవు కూడా కలుపుకోండి. నేను పది మీటర్లది తెచ్చి, అది టీవీకి రెండడుగుల దూరంలో ఆగిపోతే, మళ్ళీ జంక్షన్‌కి వెళ్ళి పదిహేనుది తెచ్చాను. ఆ పది మీటర్లది ఇప్పుడు బాల్కనీలో ఉంది. మా అమ్మ అన్నంత పనీ చేసింది, దాని మీద బట్టలారేస్తోంది.