పెంటికలు చూసి మందు రాసే పశువుల ల్యాబ్, అనంతపురం

మా గొర్రెలు బుక్కరాయసముద్రం చెరువు కింద తడి నేలల్లో మేస్తాయి. వానలయ్యాక కొన్నింటికి దవడ కింద నీరు దిగింది. ఊళ్లో అందరూ నట్టల మందు ఫెన్‌బెండజోల్ తాగించేయమన్నారు. మా చిన్నాయన మాత్రం ముందు పెంటికలు చూపించమని టవర్ క్లాక్ దగ్గరి ఈ ల్యాబ్‌కి పంపించాడు.

ఎండినవి పనికిరావు, తాజావే తేవాలి. వాటిని నీళ్లలో కలిపి, వడగట్టి, తేరనిచ్చి, అడుగున మిగిలిన మడ్డిని మైక్రోస్కోపు కింద పెట్టారు. నన్నూ చూడమన్నారు. బంగారు రంగులో కోలగా, ఒక కొసన చిన్న మూతతో గుడ్లు! కార్జపు జలగవట (కార్జంలో చేరే పురుగు), నీటి నత్తల వల్ల వస్తుందట. దీని మీద ఫెన్‌బెండజోల్ పెద్దగా పనిచేయదని డాక్టరుగారు ట్రైక్లాబెండజోల్ రాశారు, అదీ గొర్రె బరువును బట్టి. మందు పడ్డాక ఎన్నాళ్లకు మాంసానికి కోయొచ్చో కూడా చీటీ వెనక రాసిచ్చారు. సంతలో ఆ సంగతి ఎవడడుగుతాడు లెండి.

కూర్చోడానికి బెంచీ లేదు, ఫోన్ ఎత్తరు, మధ్యాహ్నం షట్టర్ దించేస్తారు. అయినా ఐదుకు నాలుగు ఇస్తా. వెళ్లేవాళ్లు పొద్దున్నే వెళ్లండి, ఏ గొర్రెదో డబ్బా మీద రాసుకోండి.