కొత్త సాక్షిని పిలవాలంటే: 348 పిటిషనా, తదుపరి దర్యాప్తా?

హనుమకొండ అదాలత్ దగ్గర మొన్న ఒక తల్లి నా చేయి పట్టుకుంది. కొడుకును కొట్టి చంపిన కేసు. గొడవ చూసిన మిర్చి హమాలీ పేరు చార్జిషీటులో లేదు. నలుగురు సాక్షుల విచారణ అయిపోయింది. "ఇప్పుడు ఆయనను పిలవరా సారూ?" అంది.

పిలవొచ్చమ్మా. పీపీ గారితో, అంటే ప్రభుత్వం తరఫు లాయర్‌తో, బీఎన్ఎస్ఎస్ (కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టం) 348 సెక్షన్ కింద పిటిషన్ వేయించాలి. పాత సీఆర్‌పీసీలో ఇదే 311. న్యాయమైన తీర్పుకు ఆ సాక్ష్యం తప్పనిసరి అనిపిస్తే కోర్టు ఏ దశలోనైనా పిలిచి తీరాలి. కేసులో లోటు పూడ్చుకుంటున్నారని అవతలి లాయర్ తప్పకుండా అంటాడు. పొరపాటున వదిలేసిన సాక్షిని పిలవడం లోటు పూడ్చడం కాదని 1999లో రాజేంద్రప్రసాద్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ మాట పిటిషన్‌లో రాయండి. ఇన్నాళ్లూ ఎందుకు పిలవలేదో కూడా దాచకుండా రాయండి. అది లేకనే చాలా పిటిషన్లు పోతాయి. ముద్దాయి వైపు లాయర్‌కు ఆ సాక్షిని ఎదురు ప్రశ్నలు (క్రాస్) వేసే అవకాశం ఎలాగూ ఉంటుంది.

రెండో దారి, అదే చట్టం 193(9) కింద పోలీసుల తదుపరి దర్యాప్తు. విచారణ మొదలయ్యాక దీనికి కోర్టు అనుమతి కావాలి. 90 రోజుల్లో ముగించాలి, గడువు పెంచాలన్నా కోర్టే ఒప్పుకోవాలి. ఫోన్ డేటా, కొత్త ముద్దాయి లాంటివి బయటపడితే ఇదే దారి.

ఒక్క హమాలీ కోసం అంత దూరం వద్దు. నేనైతే 348కే పోతాను, అదీ వచ్చే వాయిదాకే.