మంత్ర చిహ్నాలకు రూపమా, పలుకా?

నేను రాస్తున్న ఫాంటసీ కథలో ఓ పాత తాళపత్ర గ్రంథం ఉంది. అందులోని మంత్ర చిహ్నాలను ఏ వరుసలో పెట్టాలన్నదే నా టెన్షన్. గీత, సున్నా, కొమ్ము అంటూ రూపాన్ని బట్టి పేర్చితే వెతకడం తేలిక, అంతే. పలుకును బట్టయితే మన వర్ణమాల దారి: క గొంతులో, ప పెదవుల మీద. అగ్ని మంత్రాలన్నీ గొంతు వర్గమే! కృష్ణా డెల్టాలోని భట్టిప్రోలులో 1892లో బయటపడ్డ ధాతు కరండాల (బౌద్ధ అస్థికలుంచిన పేటికల) లిపిలో ‘ఘ’ను ‘గ’ నుంచే మలిచారు. ఆ కిటుకు కొట్టేశాను. చిహ్నానికి చిన్న తోక తగిలిస్తే దీపం కాస్తా కార్చిచ్చు అవుతుంది. విజయవాడ ఏలూరు రోడ్డులో కొన్న లాంగ్ నోట్‌బుక్ సగం నిండింది. రూపం పద్ధతికి చివరి పేజీలో సూచికగా చోటిచ్చాను.