రాతి పనిముట్ల నకళ్లు: బైరాగిపట్టెడ త్రీడీ ప్రింటింగ్ షాపు పనితనం

పిల్లలకు ఆదిమానవుడి పనిముట్లు చేతికిచ్చి చూపించాలంటే అసలు రాళ్లు ఏరుకొచ్చి ఇవ్వకూడదు. రేణిగుంట దగ్గర రాళ్లకాలవ ఒడ్డున కనిపించే రాయి ఏ పొరలో ఉంది, దాని పక్కన ఏమున్నాయి అన్నదే దాని చరిత్ర. జేబులో వేసుకున్నామా, ఆ చరిత్ర అక్కడితో సరి. కాబట్టి నకళ్లే గతి. తిరుపతి బైరాగిపట్టెడలోని ఓ చిన్న త్రీడీ ప్రింటింగ్ షాపు ఫైలు పట్టుకెళ్తే ఇవి చేసిస్తోంది. చేతిగొడ్డలి (పిడి లేకుండా చేత్తో పట్టుకునేది), క్లీవర్ (వెడల్పాటి అంచున్నది), బ్లేడు (పొడవాటి సన్నటి పెచ్చు), బ్యూరిన్ (చెక్కడానికి వాడే ఉలిలాంటిది), నున్నటి రాతిగొడ్డలి ఉన్న సెట్టు ఇది. మిషన్ మంచిది, చేసేవాళ్లకు ఓపిక ఉంది. కానీ ఏం కావాలో ముందే కాగితం మీద రాసివ్వాలి.

చేతిగొడ్డలితోనే అసలు చిక్కు. మామూలుగా వాళ్లు కరిగిన ప్లాస్టిక్‌ను 0.2 మిల్లీమీటర్ల పొరలుగా పేరుస్తూ, వస్తువును పడుకోబెట్టి ప్రింట్ చేస్తారు. వాలు తక్కువగా ఉన్న చోట పొరల అంచులు వంపు గీతల్లా తేలుతాయి. రాయి మీద దెబ్బ పడ్డ చోటు నుంచి పెచ్చు ఊడినప్పుడు వచ్చే అలలు కూడా అచ్చం అలాగే ఉంటాయి. పిల్లలు మిషన్ గీతల్ని చూసి దెబ్బ ఎటు నుంచి పడిందో చెప్పడం మొదలుపెడతారు! 0.12 పొర అడగండి, మొన పైకి ఉండేలా ఏటవాలుగా నిలబెట్టమనండి. ప్రింట్ చేసేటప్పుడు ఊతంగా పెట్టే ఆసరాల మచ్చలు మందపాటి అడుగు భాగంలో పడేలా చూస్తే పదును వైపు శుభ్రంగా వస్తుంది. రాత్రంతా పడుతుంది, డబ్బూ ఎక్కువే, అయినా అలాగే చేయించాలి.

ఆ గీతలు పోవాలని షాపువాళ్లు ఉప్పుకాగితంతో రుద్దిస్తారు. దాన్ని గట్టిగా వద్దనాలి. రెండు పెచ్చులు ఊడిన గుంటల మధ్య సన్నటి గట్టు ఉంటుంది. అది పదునుగా ఉంటే రాయి చేసిన చోటుకు దగ్గర్లోనే పడి ఉందని, మొద్దుబారితే వాగు నీళ్లలో దొర్లి వచ్చిందని తవ్వకాల వాళ్లు అంచనా కడతారు. రుద్దిన నకలు కొత్త రాయిని దొర్లిన రాయిగా మార్చేస్తుంది.

తర్వాతది బరువు. క్వార్ట్‌జైట్ అనే గట్టి రాతితో చేసిన 15 సెంటీమీటర్ల చేతిగొడ్డలి సుమారు 600 గ్రాములు తూగుతుంది. లోపల డొల్లగా వచ్చిన ప్లాస్టిక్‌ది వంద గ్రాములు కూడా ఉండదు. ఎముక పగలగొట్టడానికి ఈ బరువే ఆధారమని పిల్లలకు ఎలా తెలుస్తుంది? అడుగున రంధ్రం వదిలి, లోపల జాలీ లేకుండా గుల్లగా చేయమనండి. అందులో 320 గ్రాముల సైకిల్ బాల్సు, 220 గ్రాముల ఎండు ఇసుక పడతాయి. బాల్సు అడుగు వైపే ఎక్కువ ఉండాలి, అసలు రాయి తూకం అక్కడే. ఎపాక్సీ పోసి బిగించకపోతే గలగలమంటుంది.

1863లో చెన్నై దగ్గరి పల్లావరంలో భూగర్భ శాస్త్రవేత్త రాబర్ట్ బ్రూస్ ఫుట్ గుర్తించిన రాతి పనిముట్టు, నగరి దాటాక తిరువళ్లూరు జిల్లా అత్తిరంపాక్కంలో దొరికిన, 15 లక్షల ఏళ్లకు చేరే పనిముట్లు ఎక్కువగా క్వార్ట్‌జైట్‌వే. తిరుమల కొండదీ ఆ జాతి రాయే. కనుక రంగుకు నమూనాగా ఘాట్ రోడ్డు రాతి ఫోటో ఒకటి చూపించండి. మెరుపు లేని పెయింటే వేయాలి.

రేణిగుంట పరిసరాల్లో బయటపడ్డ ఎగువ పాతరాతియుగపు బ్లేడ్లు, బ్యూరిన్ల లాంటి సన్నటి వాటికి ఈ మిషన్ పనికిరాదు. ప్లాస్టిక్ బయటికొచ్చే 0.4 మిల్లీమీటర్ల నాజిల్ అంతకన్నా పలుచని అంచు తీయలేదు. బ్యూరిన్ కొన దగ్గర ఉలిలాంటి చిన్న ముఖం ఉంటుంది, బ్యూరిన్‌కు ప్రాణం అదే. సెట్టులో అది గుండ్రటి ముద్దగా వచ్చింది. ద్రవాన్ని వెలుగుతో గట్టిపరిచి సన్నటి పని చేసే రెజిన్ ప్రింటర్ ఉన్న చోట చేయించుకోవాలి.

నున్నటి రాతిగొడ్డలి మాత్రం భేషుగ్గా ఉంది. కొత్తరాతియుగంలో డోలరైట్ అనే నల్లటి గట్టి రాయిని చెక్కి, పొడిచి, అరగదీసి నునుపు చేసేవాళ్లు. రుద్దే అలవాటు ఇక్కడ కలిసొచ్చింది. దీన్ని కళ్లు మూసుకుని ఆర్డరివ్వొచ్చు.

పీఎల్ఏ ప్లాస్టిక్ 60 డిగ్రీల దగ్గర మెత్తబడుతుంది. మే నెలలో కారులో వదిలేస్తే మొన వంగిపోతుంది. బడికైతే వేడిని ఇంకాస్త తట్టుకునే పెట్‌జీ ప్లాస్టిక్ అడగండి, షాపులో ఉంది.